అపార్ట్‌మెంట్‌లో చలిమంటకి ఏది మంచిది: జి.ఐ. బకెట్టా, సగం డ్రమ్మా, సిమెంటు వరా?

పడమటిగాలి | డిసెంబరు 28, రాత్రి 8:10

అందరికీ నమస్కారం. హైదరాబాద్‌లో అయిదంతస్తుల అపార్ట్‌మెంట్. భోగి నాడు మేడ మీద చిన్న మంట వేయాలని కమిటీ ఆలోచన. గేటు దగ్గర వాచ్‌మన్ చలి కాచుకోవడానికీ అదే పనికొస్తే మంచిదంటున్నారు. ఇప్పుడాయన 15 కిలోల నూనె డబ్బాలో వేసుకుంటున్నాడు, అడుగంతా తూట్లు పడిపోయింది.

మా ముందున్నవి నాలుగు: పాత జి.ఐ. బకెట్, 200 లీటర్ల డ్రమ్ము సగానికి కోయించినది, పాడైన వాషింగ్ మెషీన్ లోపలి డ్రమ్ము, పక్క సైట్లో మిగిలిన రెండడుగుల సిమెంటు వర. ఏది వాడాలి? కారణాలు కూడా రాయండి, మీటింగులో అడుగుతారు.

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 28, రాత్రి 8:41

సగం డ్రమ్మే. కాకపోతే తెలిసి చేయించాలె.

ముందు డ్రమ్ము ఏ సరుకుదో చూడండి. పురుగుమందులు, యాసిడ్లు, రంగుల థిన్నరు వచ్చిన డ్రమ్ము ఉత్తగ ఇచ్చినా వద్దు. ఇంజను ఆయిలుదో, తినే నూనెదో తీసుకోండి. మూత మొత్తం ఊడొచ్చే రకం దొరికితే ఇంకా మంచిది, లోపల ఏముందో కంటికి కనబడతది.

కోసేటప్పుడే మనుషులు పోతరు. ఖాళీ డ్రమ్ములో నూనె ఉండదు గానీ దాని ఆవిరి ఉంటది. గ్యాస్ కట్టరు, గ్రైండరు పెట్టిన్రంటే అది బాంబే. రెండు బిరడాలూ తీసి, సోడాతోని కడిగి, కోత గీత కిందిదాకా నీళ్లు నింపి, ఉలి సుత్తితోని కోయాలె. టైము పడితే పడనీయండి.

ఎత్తు 35 సెంటీమీటర్లు చాలు. రేకు మందం ఒక మిల్లీమీటరుకు తక్కువ ఉండొద్దు. గాలి బొక్కలు అడుగున వద్దు, పక్కకు పెట్టాలె: అడుగు నుంచి 8 సెంటీమీటర్ల పైన, చుట్టూ 10 బొక్కలు, ఒక్కోటి 12 మిల్లీమీటర్లు. ఆ బొక్కల కిందిదాకా పొడి ఇసుక. అడుగున బొక్క కొడితే నిప్పు కణిక నేల మీదకే రాలుతది. కోసిన అంచు కత్తి లెక్క ఉంటది, దానికి 8 మిల్లీమీటర్ల కడ్డీ చుట్టూ వెల్డింగ్ పెట్టించండి. కాళ్లు మూడే పెట్టించండి, నాలుగు పెడితే ఊగుతది.

లోపలి పూత, బయటి రంగు పోవడానికి ఖాళీ జాగాలో ఒకసారి పెద్ద మంట వేసి వదిలేయాలె. ఆ రోజు దాని దగ్గర ఎవరూ కూసోవద్దు.

నిమ్మగడ్డి | డిసెంబరు 28, రాత్రి 9:05

డ్రమ్ము సంగతి తర్వాత. ఆ జి.ఐ. బకెట్‌ను మాత్రం జాబితాలోంచి ఇప్పుడే కొట్టేయండి. జి.ఐ. అంటే ఇనుము మీద జింకు పూత. జింకు 420 డిగ్రీల దగ్గర కరుగుతుంది, బాగా రాజుకున్న బొగ్గుల పొర అంతకంటే చాలా వేడి. కరిగిన జింకు ఆవిరై గాలి తగలగానే తెల్లటి పొడిగా మారుతుంది. అది పీలిస్తే నాలుగైదు గంటల తర్వాత చలి, జ్వరం, నోట్లో లోహపు రుచి, ఒళ్లు నొప్పులు. జలుబేమో, మలేరియా ఏమో అనుకుంటారు గానీ బకెట్ గుర్తుకు రాదు. సాధారణంగా ఒకటి రెండు రోజుల్లో తగ్గిపోతుంది, మళ్లీ పీలిస్తే మళ్లీ వస్తుంది.

గుర్తుపట్టడం తేలిక. రేకు మీద మంచు పువ్వుల్లాంటి బూడిదరంగు మచ్చలు మెరుస్తుంటే అది జింకే.

గుండ్రాయి | డిసెంబరు 28, రాత్రి 9:11

మా వీధిలో అందరూ బకెట్లోనే వేస్తారు. ఎవరికీ ఏమీ కాలేదు.

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 28, రాత్రి 9:30

@నిమ్మగడ్డి అమ్మా, జింకు కరగడం వేరు, మరగడం వేరు. మరిగేది 907 డిగ్రీలకు. బకెట్లో నాలుగు పుల్లలు కాలిస్తే అంత వేడి రాదు. జి.ఐ. పైపు వెల్డింగ్ చేస్తే వస్తది పొగ, ఎందుకంటే అక్కడ వేడి వేలల్లో ఉంటది. బకెట్ వద్దనేది నేనూ ఒప్పుకుంట, కారణం మాత్రం అది కాదు. బకెట్ రేకు పలుచన, అడుగు మడత అతుకు. పూత కాలిపోయినంక ఆ అతుకు కాడ తుప్పు పట్టి, నిండు నిప్పులతోని అడుగు ఊడి కాళ్ల మీద పడుతది.

నిమ్మగడ్డి | డిసెంబరు 28, రాత్రి 9:52

907 అనేది పూర్తిగా మరిగే వేడి. నీళ్లు 100 డిగ్రీలకు మరుగుతాయి, అలాగని ఆరేసిన చీర మరక్కుండానే ఆరడం లేదా? జింకూ అంతే, మరగక ముందు నుంచే ఆవిరవుతుంది. పైగా చలికి వణికే మనిషి ఊరికే కూర్చోడు, మొహం దగ్గర పెట్టి ఊదుతాడు, లేదా అట్టముక్కతో విసురుతాడు. గాలి తగిలిన బొగ్గు 900 దాటుతుంది. సరిగ్గా అప్పుడే ఊపిరి గట్టిగా లోపలికి పీలుస్తాడు.

ఇంకొకటి. జింకు పొగ పీలిస్తే పాలు తాగితే విరుగుతుందని వెల్డింగ్ షాపుల్లో నమ్ముతారు. పాలు కడుపులోకి వెళ్తాయి, పొగ ఊపిరితిత్తుల్లోకి వెళ్లింది. ఆ నమ్మకంతో జాగ్రత్త మానేయకండి.

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 28, రాత్రి 9:58

మరి రవ్వలు ఆపడానికి మీద పెట్టే కోళ్ల జాలి కూడా జింకుదే. అదీ వద్దా?

నిమ్మగడ్డి | డిసెంబరు 28, రాత్రి 10:01

అదీ వద్దు. పూత లేని నల్ల ఇనుప జాలి, లేకపోతే స్టీలు జాలి, కన్ను 6 మిల్లీమీటర్లకు మించకుండా. నా ఓటు వాషింగ్ మెషీన్ డ్రమ్ముకు. స్టెయిన్‌లెస్ స్టీలు, పూత గొడవ లేదు, బొక్కలు ముందే ఉన్నాయి.

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 28, రాత్రి 10:20

ఆ డ్రమ్ము విప్పి చూసిన్రా? పైనుంచి బట్టలేసే రకంలో మూతి చుట్టూ ప్లాస్టిక్ రింగు ఉంటది, దాంట్ల బరువు సరితూగడానికి ఉప్పు నీళ్లు. అడుగున తిరిగే చక్రం ప్లాస్టిక్. ముందు తలుపు రకంలో వెనుక మూడు కాళ్ల అల్యూమినియం ముక్క ఉంటది, అది 660 డిగ్రీలకు కరుగుతది. ఇవన్నీ ఊడదీస్తే కొన్ని మోడళ్లల్ల అడుగే మిగలదు. అడుగు ఉన్నా, ఒళ్లంతా బొక్కలు గాబట్టి గాలి ఎక్కువ లాగి కట్టెలు గడ్డిలెక్క కాలిపోతయి. చూడ్డానికి సోకు, కట్టెల ఖర్చు మాత్రం డబుల్.

స్లాబు_కాపరి | డిసెంబరు 29, ఉదయం 7:15

రాత్రంతా జింకు మీదే నడిచింది. పాత్ర కింద ఏముందో ఒక్కరూ అడగలేదు.

మేడ మీద మీరు చూసే నున్నటి పైపొర కింద చాలాచోట్ల నీరు దిగకుండా తారు పొర వేసి ఉంటుంది. మామూలు తారు 100 డిగ్రీల లోపే మెత్తబడుతుంది, మంచి రకం పొర 150 దాకా ఓర్చుకుంటుంది. మంట వేసిన రోజు ఏమీ కనిపించదు. జూన్‌లో పై ఫ్లాటు వాళ్ల సీలింగ్ మీద తడి మచ్చ కనిపిస్తుంది, దానికి కారణం జనవరి మంట అని ఎవరికీ తట్టదు. కొత్త బిల్డింగుల్లో వేడి తగ్గడానికి థర్మోకోల్ పలకలు కూడా పొరల్లో వేస్తున్నారు. అవి ఇంకా ముందే కుంగుతాయి.

సిమెంటు వర గురించి. కాంక్రీటులో ఎప్పుడూ కొంత తేమ ఉంటుంది. లోపలి వైపు ఒక్కసారిగా వేడెక్కితే ఆ తేమ ఆవిరై, బయటికి దారి లేక, పెచ్చులు పెచ్చులుగా ఎగురుతుంది. అరచేతి వెడల్పు ముక్క కంటికి తగిలే వేగంతో వస్తుంది. పగలకుండా తట్టుకున్నా 300 డిగ్రీలు దాటితే బలం పోతూ ఉంటుంది, 500 దగ్గరికి వచ్చేసరికి లోపలి సున్నం విడిపోతుంది. తర్వాత వాన తడిస్తే ఆ సున్నం ఉబ్బి వర బీటలు వారుతుంది. వరే వాడాలంటే లోపల ఎర్ర ఇటుకలతో ఇంకో గోడ, రెండింటికీ మధ్య రెండు వేళ్ల సందు ఉండాలి. ఫ్లై యాష్ ఇటుక, సిమెంటు ఇటుక పనికిరావు. తడిసిన ఎర్ర ఇటుకా పనికిరాదు, నాలుగు రోజులు ఎండనివ్వాలి. ఏటి ఒడ్డున ఏరిన గుండ్రాళ్లు ఎంత అందంగా ఉన్నా పెట్టకండి, లోపల నీరుంటే టపాసులా పేలతాయి.

నా మాట ఒకటే: మేడ మీద మంట వద్దు. తప్పదంటే 20 సెంటీమీటర్ల ఎత్తు కాళ్లు, కాళ్ల కింద సందులు వదిలి పేర్చిన రెండు వరసల ఎర్ర ఇటుకలు. నీళ్ల ట్యాంకు, పి.వి.సి. పైపులు, సోలారు వైర్లు, డిష్ కేబుళ్లకు కనీసం మూడు మీటర్ల దూరం. పి.వి.సి. పైపు 80 డిగ్రీలకే వంగిపోతుంది.

సీలేరు | డిసెంబరు 29, ఉదయం 9:40

అరకు, లంబసింగి వైపు టెంట్లేసే చోట ఎక్కువగా చూసే తప్పు మంట వేయడంలో ఉండదండి, ఆర్పడంలో ఉంటుంది. అందరూ ఇసుక పోసి పడుకుంటారు. ఇసుక నిప్పును ఆర్పదు, దుప్పటి కప్పుతుంది. నివురుగప్పిన నిప్పని ఊరికే అనలేదు కదా. తుమ్మ, సరుగుడు బొగ్గులు బూడిద కింద మర్నాడు మధ్యాహ్నం దాకా కూడా బతికుంటాయి.

నీళ్లతోనే ఆర్పాలి, కానీ బిందెతో ఒక్కసారి కుమ్మరించకూడదు. అలా పోస్తే ఆవిరి, వేడి బూడిద కలిసి మొహానికి కొడతాయి. పోత ఇనుము పాత్రయితే పగులుతుంది. కణికలను కడ్డీతో పలుచగా పరిచి, ఒడ్డు నుంచి లోపలికి చెంబుతో కొంచెం కొంచెం చల్లుతూ కలపాలి. బుస్సుమనే శబ్దం ఆగాక ఇంకోసారి కలిపి చెయ్యి వెనుక వైపు దగ్గర పెట్టి చూడండి. వేడి తగిలితే మళ్లీ నీళ్లు. బూడిదను రెండు రోజులు మూతున్న రేకు డబ్బాలో ఉంచాకే చెత్త బండికి ఇవ్వాలి. ప్లాస్టిక్ డస్ట్‌బిన్‌లో అసలు వద్దు.

కట్టెల్లో తాటాకు, అట్టపెట్టెలు, ఎండు కొబ్బరి మట్టలు వేస్తే వెలిగే పెచ్చులు గాల్లోకి లేచి పక్క మేడ మీద వాలతాయి. వెదురు చీల్చకుండా వేస్తే కణుపు కణుపుకీ పేలుతుంది. గన్నేరు కట్టె పొగ విషం, దాన్ని అసలు వేయకండి.

గుండ్రాయి | డిసెంబరు 29, ఉదయం 9:55

భోగికి పాత కుర్చీలు, ప్లైవుడ్ వేయకపోతే ఇంకేం భోగి?

సీలేరు | డిసెంబరు 29, ఉదయం 10:12

ప్లైవుడ్‌లో జిగురు కాలితే కళ్లు, గొంతు మండే వాయువు వస్తుంది. పాత రంగుల్లో సీసం ఉంటుంది, కాలాక అది బూడిదలో మిగులుతుంది. ఆ బూడిద పిల్లల చేతికి అంటుతుంది, మొక్కలకీ పోస్తారు. ఇక చెత్త కాల్చడం సంగతి. 2016 డిసెంబరులో జాతీయ హరిత ట్రిబ్యునల్ బహిరంగంగా చెత్త కాలిస్తే 5,000 రూపాయలు, పెద్ద ఎత్తున అయితే 25,000 జరిమానా అని ఆదేశించింది. భోగికి పిడకలు, ఎండు కట్టెలు చాలు కదండీ.

నిమ్మగడ్డి | డిసెంబరు 29, మధ్యాహ్నం 1:20

అంటే పాత్ర ఏదైనా అందులో ఏం వేస్తామన్నదీ ముఖ్యమే. నేను మొదటి నుంచీ పొగ గురించే చెబుతున్నాను. @ఇనుపమేస్త్రీ ఎవరు ఏ ప్రశ్న వేసినా మీ జవాబు డ్రమ్మే. షాపులో స్టాకు మిగిలిపోయిందా?

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 29, మధ్యాహ్నం 1:34

ఈ మాట అన్నందుకు చెప్తున్న. డ్రమ్ము అమ్మితే నాకు మిగిలేది ఏం లేదు. పోయినేడు ఒక అపార్ట్‌మెంటోళ్లు గేటు కాడ వాచ్‌మన్‌కు అని తట్ట చేయించుకున్నరు. వారం కాంగనే అది మేడ మీదికి పోయింది, పార్టీలకు బాగుందట. ఆయనకు మళ్లీ నూనె డబ్బానే. ఇక్కడ గూడ చూడండి, స్లాబు ఖరాబైతది, పైపు వంగుతది, సీలింగ్ తడుస్తది! గేటు కాడ కూసునే మనిషి గురించి ఎవరైనా ఒక్క అక్షరం రాసిన్రా?

స్లాబు_కాపరి | డిసెంబరు 29, మధ్యాహ్నం 1:50

ప్రశ్నలో మేడ అని ఉంది, మేడ గురించి చెప్పాను. స్లాబు పాడైతే దాని కింద ఉండేదీ మనుషులే.

నిర్వాహకుడు | డిసెంబరు 29, మధ్యాహ్నం 2:00

వ్యక్తిగత మాటలు ఆపండి. షాపుల ప్రస్తావన చాలు.

రాత్రిడ్యూటీ | డిసెంబరు 29, రాత్రి 11:25

గొడవ పాత్ర గురించి కాదు. ఒకే పాత్రతో రెండు పనులు చేయాలనుకోవడంలోనే తప్పుంది.

భోగి మంట గంట సేపు. జనం చుట్టూ నిలబడతారు, మంట ఎత్తుగా కనిపించాలి, పిల్లలు తగలకుండా గోడ ఉండాలి. దానికి 35 సెంటీమీటర్ల డ్రమ్ము సరైనదే. వాచ్‌మన్ మంట తొమ్మిది గంటలు. ఆయన స్టూలు మీద కూర్చుంటాడు, ఆయనకి కావలసింది మంట కాదు, సెగ. కాళ్ల మీద నిలిపిన డ్రమ్ము గోడ మోకాళ్ల ఎత్తుకు వస్తుంది. సెగంతా పైకి పోతుంది, కాళ్లు చల్లగానే ఉంటాయి. అందుకని ఇంకా కట్టెలు వేస్తాడు, దొరికిన సెంట్రింగ్ చెక్క మేకులతో సహా వేస్తాడు. ఆయనకి లోతు తక్కువ, వెడల్పు ఎక్కువ ఉన్న తట్ట కావాలి.

రెండోది ఇంతకంటే పెద్ద సంగతి. రాత్రి రెండు దాటాక ఈదురుగాలి వీస్తే డబ్బాను ఎత్తి గదిలోకి తీసుకెళ్తారు. అప్పటికి పొగ ఉండదు, ఎర్రటి బొగ్గులే ఉంటాయి. పొగ లేదు కదా అని తలుపేసుకుంటారు. బొగ్గు ఎర్రగా ఉన్నంతసేపూ కార్బన్ మోనాక్సైడ్ వస్తూనే ఉంటుంది. దానికి వాసన లేదు, దగ్గు రాదు, కళ్లు మండవు. తలనొప్పి, మత్తు, నిద్ర, ఆ నిద్రలోనే ప్రాణం పోతుంది. పది అడుగుల గదికి ఒక తట్టెడు బొగ్గులు చాలు. జింకు జ్వరం రెండు రోజుల్లో తగ్గుతుంది, ఇది తగ్గేది కాదు. అందుకే వాచ్‌మన్ తట్టకు చెవులు పెట్టించకండి. ఎత్తడానికి వీల్లేని బరువుండాలి.

స్లాబు_కాపరి | డిసెంబరు 30, ఉదయం 6:50

చెవులు లేకపోతే వాన వస్తే ఎలా జరుపుతాడు? పార్కింగ్‌లో ఎవరైనా బండి పక్కకి తెస్తే? సెల్లారులో బైకుల పెట్రోలు ఆవిరి బరువైనది, కిందకే జారి పాకుతుంది. అలాంటప్పుడు మంటను వెంటనే జరపగలగాలి. చెవులు ఉండాల్సిందే.

రాత్రిడ్యూటీ | డిసెంబరు 30, ఉదయం 7:20

సెల్లారులో మంట వద్దే వద్దు, జరిపే ప్రశ్నే లేదు. గేటు బయటి వైపు, బళ్లకు ఆరు మీటర్ల దూరంలో మట్టి నేల మీద స్థిరంగా ఉండాలి. నిండు నిప్పులున్న తట్టను చెవులు పట్టుకుని పరిగెత్తడం కంటే అక్కడికక్కడ నీళ్లు చల్లడం మేలు. పక్కనే రెండు బకెట్ల నీళ్లు పెట్టించండి (ఆ జి.ఐ. బకెట్ దీనికి పనికొస్తుంది). గాలికి అడ్డంగా మీటరు దూరంలో మూడు వైపులా రేకు నిలబెట్టండి. సిమెంటు రేకు కాదు, అది వేడికి పగిలి ఎగురుతుంది. గాలి ఆగితే గదిలోకి తీసుకెళ్లాల్సిన అవసరమే సగం తగ్గుతుంది. మంచి రగ్గు ఒకటి, గదిలో హీటరు తట్టుకునే వైరింగు కూడా ఇవ్వండి. ఇవేవీ ఇవ్వకుండా తట్ట మాత్రం ఇస్తే అది మళ్లీ గదిలోకే వెళ్తుంది.

నిమ్మగడ్డి | డిసెంబరు 30, ఉదయం 8:05

ఒప్పుకుంటున్నాను. మోనాక్సైడ్ ముందు నేను రాసింది చిన్న విషయం. @ఇనుపమేస్త్రీ గారూ, షాపు మాట నేను అనకూడనిది. గాలికి అడ్డం పెట్టే రేకు జి.ఐ. అయినా పర్వాలేదు, మీటరు దూరంలో అది కరిగేంత వేడెక్కదు.

పడమటిగాలి | డిసెంబరు 30, రాత్రి 9:00

కమిటీలో చదివి వినిపించాను. మేడ మీద మంట మానేశారు, భోగి కింద ఖాళీ స్థలంలోనే, డ్రమ్ములో. వాచ్‌మన్‌కి వేరే తట్ట చేయిస్తాం. చెవుల మీద మాత్రం ఇక్కడిలాగే రెండు వర్గాలయ్యారు. @ఇనుపమేస్త్రీ గారూ, కొలతలు ఇవ్వగలరా?

ఇనుపమేస్త్రీ | డిసెంబరు 30, రాత్రి 9:26

రాసుకోండి. 3 మిల్లీమీటర్ల నల్ల రేకు, రంగు వేయొద్దు. వెడల్పు 50 సెంటీమీటర్లు, లోతు 15. పెళ్లి వంటల పాత ఇనుప బాణలి దొరికితే అదే పెట్టండి, గుండ్రటి అడుగు గాబట్టి కణికలు నడిమికి చేరుతయి. బాణలికి చెవులుంటే కోయించేయండి. అల్యూమినియంది వద్దు. కాళ్లు మూడు, యాంగిల్‌వి, తట్ట కింద 20 సెంటీమీటర్ల ఖాళీ ఉండాలె. కాళ్లను 40 సెంటీమీటర్లు మట్టిలోకి దింపి చుట్టూ రాళ్లు దట్టించండి, అప్పుడు చెవులున్నా లేకున్నా లేవదు. వాన నీళ్లకు నడిమిట్ల 5 మిల్లీమీటర్ల బొక్క ఒక్కటి, దాని కింద నేల మీద ఎర్ర ఇటుక. బూడిద తీయడానికి పొడుగు కర్ర ఉన్న రేకు పార ఇవ్వండి. బూడిద తడిసి అడుగున ఉండిపోతే రేకును తినేస్తది, ఆరినంక తీసేయమనండి.

ఇది మేడ మీదికి పోదు. పోవాలంటే భూమిలకెల్లి పీకాలె.

రాత్రిడ్యూటీ | డిసెంబరు 30, రాత్రి 9:40

కాళ్లు పాతే చోటు ఆయన్నే అడిగి పెట్టించండి. గేటు కనిపించాలి, పొగ గదివైపు పోకూడదు. ఆ గేటు దగ్గర రాత్రి గాలి ఎటు నుంచి కొడుతుందో ఆయనకే తెలుసు.